‘వాళ్లంతే’: ఒక మాట ఊళ్లో ఎలా పాతుకుపోతుంది

క్లుప్తంగా: మనిషిని ఎరగకముందే ఆ మనిషి మీద గట్టిపడిపోయిన చెడు అభిప్రాయాన్ని దురభిప్రాయం అంటున్నాం. దాన్ని మనసుకు సంబంధించిన లోపంగానే చాలామంది చూస్తారు. వరంగల్, ఉత్తర తెలంగాణ అనుభవం వేరే సంగతి చెబుతుంది. అది ఊరి కట్టుబడిలో, బడిలో, పాత చట్టాల్లో నిలవ ఉంటుంది. అక్కడి నుంచి ప్రతి తరం మనసుల్లోకీ మళ్లీ చేరుతుంది. బుద్ధులు చెప్పడం కంటే, సమాన హోదాలో కలిసి పనిచేసే ఏర్పాట్లే దాన్ని ఎక్కువ తగ్గిస్తాయని అధ్యయనాలు చూపుతున్నాయి.

2018 మే నెలలో తెలంగాణ పల్లెల్లో చాలామందికి కంటిమీద కునుకు లేదు. వాట్సాప్‌లో ఒక ఆడియో, దాని వెంట కొన్ని భయంకరమైన ఫొటోలు తిరిగాయి. ‘పార్థీ గ్యాంగ్ దిగింది, పిల్లల్ని ఎత్తుకపోతున్నరు’ అన్నది దాని సారాంశం. యువకులు కర్రలు పట్టుకుని పొలిమేరల్లో కాపలా కాశారు. ఊరికి కొత్తగా కనిపించిన ప్రతి మనిషీ అనుమానితుడే అయ్యాడు. బిచ్చమెత్తుకునేవాళ్లు, మతిస్థిమితం లేనివాళ్లు, భాష రాని వలస కూలీలు దెబ్బలు తిన్నారు. ఆ నెలాఖరులో హైదరాబాద్ చాంద్రాయణగుట్టలో, రంజాన్ మాసమని యాచనకు వచ్చిన ఒక ట్రాన్స్‌జెండర్ మహిళను మూక కొట్టి చంపింది. అలాంటి ముఠా ఏదీ లేదని పోలీసులు పదే పదే చెప్పారు. గద్వాల జిల్లాలో అయితే పోలీసులు ఊరూరా తిరిగి పాటలు పాడించి మరీ చెప్పించారు. జులైలో వాట్సాప్ మన దేశంలో ఒక మెసేజ్‌ను ఒకేసారి 5 చాట్‌లకు మించి పంపకుండా కట్టడి పెట్టింది.

సెల్‌ఫోన్ వల్ల వదంతి వేగంగా పాకింది, నిజమే. కానీ ఆ వేగం ఒక ప్రశ్నకు జవాబు చెప్పదు. అనుమానం ఆ మనుషుల మీదే ఎందుకు వాలింది? సంచి భుజాన వేసుకుని తిరిగే మెడికల్ రిప్రజెంటేటివ్ కూడా ఊరికి కొత్తవాడే. అతన్ని చెట్టుకు కట్టేయాలని ఎవరికీ తోచలేదు. వదంతి కొత్తది. అది ఎవరి మీద పడాలన్నది ఎప్పుడో తేలిపోయింది.

తాలు మిర్చి లెక్క

తెలుగులో ఈ సంగతికి ఒక్క మాట స్థిరపడలేదు. దురభిప్రాయం, పక్షపాతం, చిన్నచూపు, వివక్ష అనే మాటలను ఒకదాని బదులు ఒకటి వాడేస్తుంటాం. చర్చల్లో సగం గందరగోళం అక్కడే మొదలవుతుంది.

వరంగల్ ఎనుమాముల మార్కెట్‌లో మిర్చి సీజన్‌లో జరిగే పని చూస్తే తేడా సులభంగా తెలుస్తుంది. ఖరీదుదారు బస్తాలోంచి పిడికెడు కాయలు తీస్తాడు. రంగు, తేమ, తాలు ఎంత ఉందో చూస్తాడు, ధర చెబుతాడు. పిడికెడు చూసి బస్తాను అంచనా కట్టడం తప్పేమీ కాదు. రోజూ వేల బస్తాలు వచ్చే చోట మరో దారి లేదు. మెదడు కూడా మనుషుల విషయంలో ఇలాగే చేస్తుంది. కొద్దిమందిని చూసి గుంపు మొత్తం మీద ఒక అంచనా కట్టుకుంటుంది. దీన్ని మూస అభిప్రాయం అనవచ్చు.

అదే ఖరీదుదారు బస్తా కుమ్మరించాక లోపల మంచి కాయ కనబడితే ధర మారుస్తాడు. మార్చకపోతే నష్టపోయేది అతనే. ఒకవేళ అతను బస్తా విప్పకుండానే, ఫలానా ఊరి రైతు సరుకు అనగానే తాలు ధర కడితే? కుమ్మరించి చూపించినా ‘పైన మంచివి పేర్చి ఉంటరు’ అంటే? అక్కడ దురభిప్రాయం మొదలైనట్టు. ఎదురుగా రుజువు కనబడినా మారని అంచనా అది. ఈ విషయం మీద 1954లో తొలి సమగ్ర అధ్యయనాల్లో ఒకటి వెలువరించిన అమెరికా మనస్తత్వ శాస్త్రవేత్త గోర్డన్ ఆల్‌పోర్ట్ కూడా గీత ఇక్కడే గీశాడు. పొరపాటు అంచనా కొత్త సమాచారంతో మారుతుంది, దురభిప్రాయం మారదు అన్నది అతని వాదన సారం.

వివక్ష దాని తర్వాతి మెట్టు. మనసులో ఉన్నది చేతల్లోకి రావడం: సరుకు కొనకపోవడం, ఇల్లు ఇవ్వకపోవడం, మార్కు తగ్గించడం. దురభిప్రాయం ఉండి కూడా వివక్ష చూపనివాళ్లు ఉంటారు, చట్టానికో నలుగురికో భయపడి. మనసులో ఏమీ లేకపోయినా, ఊళ్లో అందరూ చేస్తున్నారని వివక్ష చూపేవాళ్లూ ఉంటారు. ఈ రెండో రకం వాళ్ల సంఖ్యను మనం తక్కువగా అంచనా వేస్తుంటాం.

మరో చిక్కు కూడా ఉంది. ఎదురు రుజువు దొరికినప్పుడు దురభిప్రాయం దాన్ని మింగేసే పద్ధతి ఒకటి కనిపెట్టుకుంది: మినహాయింపు. ‘నువ్వు వాళ్ల లెక్క కాదు’ అన్నమాట పొగడ్తలా వినిపిస్తుంది. కానీ ఎదుటి మనిషిని పక్కకు తీసి, మిగిలిన అందరి మీద ఉన్న తీర్పును చెక్కుచెదరకుండా కాపాడటమే అది చేసే పని.

కారణం లేకపోయినా రెండు జట్లు

1970ల మొదట్లో హెన్రీ తాజ్‌ఫెల్ అనే శాస్త్రవేత్త బ్రిటన్‌లోని బ్రిస్టల్‌లో 14, 15 ఏళ్ల బడిపిల్లలతో ఒక ప్రయోగం చేశాడు. కొన్ని బొమ్మలు చూపించి, మీకు నచ్చిన చిత్రకారుణ్ని బట్టి రెండు జట్లుగా విడదీస్తున్నామని చెప్పారు. నిజానికి విడదీసింది ఏ లెక్కా లేకుండానే. ఎవరి జట్టులో ఎవరున్నారో పిల్లలకు తెలియదు, పాత పగలు లేవు, లాభమూ లేదు. అయినా డబ్బులు పంచమన్నప్పుడు తమ జట్టుకే మొగ్గు చూపారు. తమ జట్టుకు వచ్చేది కాస్త తగ్గినా సరే, అవతలి జట్టుతో తేడా పెద్దదిగా ఉంటే చాలనుకున్న సందర్భాలూ కనిపించాయి.

‘మనం, వాళ్లు’ అనే గీత గీయడానికి మనిషికి పెద్ద కారణం అక్కర్లేదని దీన్నిబట్టి తెలుస్తుంది. గీత తేలిగ్గా పడుతుంది, తేలిగ్గానే చెరిగిపోతుంది కూడా. ఆ పిల్లలు ప్రయోగం గది దాటాక ఆ జట్లను మర్చిపోయే ఉంటారు. ఊళ్లో గీతలు చెరగకపోవడానికి కారణం మనసులో కాదు, బయట వెతకాలి.

ఊరు, వాడ, తండా, గూడెం

తెలంగాణ పల్లెలో చిరునామాయే చాలా సంగతులు చెప్పేస్తుంది. ఊరు అంటే నడిమధ్య ఉన్నది. వాడ ఊరి చివర ఉంటుంది. తండా ఊరికి కిలోమీటరో రెండు కిలోమీటర్లో అవతల. ములుగు, ఏటూరునాగారం వైపు అడవిలో కోయ గూడేలు, ఆదిలాబాద్ వైపు గోండు గూడేలు. మహబూబాబాద్, నర్సంపేట, తొర్రూరు చుట్టూ లంబాడా తండాలు లెక్కకు మిక్కిలి. 2024 చివర్లో రాష్ట్ర ప్రభుత్వం ఇంటింటికీ తిరిగి చేయించిన కుల సర్వే ప్రకారం తెలంగాణ జనాభాలో ఎస్సీలు 17.43 శాతం, ఎస్టీలు 10.45 శాతం. అంటే ప్రతి నలుగురిలో ఒకరి కంటే ఎక్కువ. ఇంతమంది చిరునామా ‘ఊరి అవతల’ కావడం యాదృచ్ఛికం కాదు.

దూరంగా ఉంటే పరిచయం తగ్గుతుంది. పరిచయం లేని చోట కథలు పుడతాయి. ఆ కథలే మళ్లీ దూరాన్ని సమర్థిస్తాయి. ‘అక్కడ గుడుంబా కాస్తరు’ అన్న ఒక్క మాటతో తండా మొత్తాన్ని కొట్టిపారేసేవాళ్లకు, అదే తండాలో పొద్దున అయిదింటికి కూలికి బయల్దేరే ఆడవాళ్లు కనబడరు. కనబడేంత దగ్గరగా వాళ్లు ఎప్పుడూ లేరు.

రెండు గ్లాసుల పద్ధతి గురించి వినని పెద్దవాళ్లు ఈ ప్రాంతంలో ఉండరు. టీ హోటల్‌లో ఊరివాళ్లకు ఒక గ్లాసు, వాడవాళ్లకు వేరే గ్లాసు. వాడవాళ్లు తమ గ్లాసు తామే కడిగి పెట్టాలి. రాజ్యాంగం 17వ అధికరణం అంటరానితనాన్ని రద్దు చేసింది. 1955లో పౌరహక్కుల పరిరక్షణ చట్టం, 1989లో ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం వచ్చాయి. పోరాటాలూ కేసులూ అయ్యాయి. తర్వాత ప్లాస్టిక్, పేపర్ గ్లాసులు వచ్చాయి. అందరికీ అదే గ్లాసు ఇచ్చే హోటల్‌లో ఈ సమస్య పోయింది. కొందరికి స్టీలు గ్లాసు, కొందరికి మాత్రం పేపర్ గ్లాసు ఇచ్చే చోట అది పోలేదు, శుభ్రత అనే కొత్త పేరు తెచ్చుకుంది. దురభిప్రాయం తన పాత రూపం చెల్లని చోట కొత్త కారణం వెతుక్కుంటుంది. దాన్ని గుర్తించడం కష్టమయ్యేది అందుకే.

యాస మీద నవ్వు

ఈ ప్రాంతానికి దురభిప్రాయం రుచి మరో వైపు నుంచీ తెలుసు. దశాబ్దాల పాటు తెలుగు సినిమాలో తెలంగాణ మాట రౌడీలకో హాస్యపాత్రలకో దక్కింది. హీరో మాట్లాడే తెలుగు వేరు. హైదరాబాద్ కాలేజీల్లో, ఆఫీసుల్లో ‘నీ భాష సరిగా లేదు’ అనిపించుకున్న వరంగల్, కరీంనగర్ పిల్లలు ఎందరో. ఒక ప్రాంతపు పలుకుబడి పాఠ్యపుస్తకాల్లో, పత్రికల్లో ప్రమాణంగా స్థిరపడ్డాక మిగిలినవన్నీ ‘యాస’లైపోయాయి. ఎక్కువ తక్కువలు నుడికారం గుణం వల్ల రాలేదు, ఎవరి నుడికారం అచ్చులోకి ఎక్కింది అన్నదాన్నిబట్టి వచ్చాయి. హనుమకొండలో బతికిన కాళోజీ నారాయణరావు జీవితమంతా ఈ సంగతి మీదే గట్టిగా మాట్లాడారు. ఆయన పుట్టినరోజు సెప్టెంబర్ 9ని రాష్ట్రం వచ్చాక తెలంగాణ భాషా దినోత్సవం చేశారు. ఇవాళ సినిమాలో హీరోలే ఈ మాట మాట్లాడుతున్నారు. నుడికారం మారలేదు, దాని వెనక ఉన్న హోదా మారింది.

అయితే దెబ్బ తిన్న అనుభవం దానంతట అదే మనిషిని మార్చదు. తన యాసను వెక్కిరించారని బాధపడిన మనిషే లంబాడా పిల్లవాడి తెలుగును, ఉర్దూ ఇంట్లో పెరిగిన పిల్ల తెలుగును అనుకరించి నవ్వించడం ఇక్కడ కొత్తేమీ కాదు. ఈ మాట చెప్పుకోవడానికి ఇబ్బందిగానే ఉంటుంది, కానీ చెప్పుకోకపోతే విశ్లేషణ సగంలో ఆగిపోతుంది. బాధితులు, బాధించేవాళ్లు అని మనుషుల్ని రెండు వరసల్లో నిలబెట్టలేం.

బడిలో ఏమవుతుంది

తండా పిల్లలు ఇంట్లో మాట్లాడేది గోర్ బోలీ. చాలామందికి తెలుగు బడిలోనే గట్టిగా పరిచయమవుతుంది. ఒకటో తరగతి పిల్ల తెలుగు మాటకు ఆగి ఆలోచిస్తే అది రెండో భాష నేర్చుకుంటున్న పిల్ల సహజ వేగం. టీచర్‌కు ఆ సంగతి గుర్తుకు రాకపోతే ‘మొద్దు’ అనే ముద్ర పడుతుంది. ముద్ర పడిన పిల్లను ప్రశ్నలు అడగరు. అడగని పిల్ల నేర్చుకోదు. ఏడాది చివర పరీక్ష ఆ ముద్ర నిజమేనని చూపిస్తుంది. దురభిప్రాయం తనకు కావలసిన రుజువును తానే తయారు చేసుకునే తీరు ఇది.

దీన్ని కొలిచి చూసిన ప్రయోగాలున్నాయి. కార్లా హాఫ్, ప్రియాంకా పాండే అనే పరిశోధకులు ఉత్తరప్రదేశ్ పల్లెల్లో 6, 7 తరగతుల మగపిల్లలకు చిక్కుదారుల పజిల్స్ ఇచ్చారు. కులం ప్రస్తావన లేనప్పుడు దళిత పిల్లలు, పై కులాల పిల్లలు దాదాపు సమానంగా విప్పారు. పిల్లలందరి ముందు పేరు, తండ్రి పేరు, కులం చదివి వినిపించాక దళిత పిల్లల పనితనం స్పష్టంగా పడిపోయింది. పిల్లలు అవే, పజిల్స్ అవే. మారింది ఆ గదిలో తమ గురించి ఏమనుకుంటున్నారన్న ఎరుక ఒక్కటే.

ఇంకో అధ్యయనం మరింత ఆలోచింపజేస్తుంది. రీమా హన్నా, లీ లిండెన్ 2012లో ప్రచురించిన పరిశోధనలో టీచర్లకు జవాబు పత్రాలు దిద్దమని ఇచ్చారు. పత్రం పైన ఉండే పిల్లవాడి కులం వివరాన్ని మాత్రం ఏ లెక్కా లేకుండా మార్చి పెట్టారు. తక్కువ కులం అని రాసిన పత్రాలకు మార్కులు కాస్త తగ్గాయి. తేడా పెద్దది కాదు. అలా తగ్గించింది ఎక్కువగా తక్కువ కులాల నుంచి వచ్చిన టీచర్లే. తరతరాలుగా విన్న మాట ఆ మాట పడ్డవాళ్లలో కూడా ఇంకుతుందని ఇది చెబుతోంది.

జబ్బు, భయం, బాణామతి

అర్థంకాని జబ్బు వచ్చినప్పుడు కారణం వెతకడం మనిషి స్వభావం. కారణం దొరకనప్పుడు మనిషిని వెతకడం ఉత్తర తెలంగాణలో చాలా ప్రాణాలు తీసింది. బాణామతి, చేతబడి, మంత్రాలు అని అనుమానించి చంపిన, పళ్లూడగొట్టిన, ఊరి నుంచి వెళ్లగొట్టిన ఘటనలు కరీంనగర్, వరంగల్, మెదక్ ప్రాంతాల నుంచి ఏళ్లుగా వార్తల్లోకి వస్తూనే ఉన్నాయి. 2022 జనవరిలో జగిత్యాలలో ఒక తండ్రిని, ఇద్దరు కొడుకుల్ని ఇదే అనుమానంతో చంపారు. ఇలాంటి కేసుల్లో అనుమానం తరచూ ఒంటరి ముసలివాళ్ల మీదో, వితంతువు మీదో, భూమి తగాదా ఉన్న పొరుగింటి మీదో వాలుతుంది. జబ్బుకు, వాళ్లకు సంబంధం ఉండదు. కానీ వాళ్ల వెనక నిలబడేవాళ్లు తక్కువ.

అసలు విషయం తెలిస్తే భయం పోతుంది కదా అని అనిపిస్తుంది. కుష్టు వ్యాధి చరిత్ర చూస్తే అంత సులువు కాదని తెలుస్తుంది. నిజామాబాద్ దగ్గర డిచ్‌పల్లిలో కుష్టు రోగుల కోసం మిషనరీ డాక్టర్ ఇసబెల్ కెర్ ఆసుపత్రి నెలకొల్పి వందేళ్లు దాటింది. వ్యాధిని పూర్తిగా నయం చేసే బహుళ ఔషధ చికిత్స మన దేశంలో 1980ల నుంచి అందుతోంది. కానీ భార్యకో భర్తకో కుష్టు ఉంటే విడాకులు తీసుకోవచ్చన్న నిబంధన మన వివాహ చట్టాల్లోంచి పోయింది 2019లో. మందు వచ్చాక చట్టం మారడానికే మూడు దశాబ్దాలు దాటింది.

కాగితం మీదికి ఎక్కిన అనుమానం

ఇక్కడే 2018 నాటి వదంతికి తిరిగి రావాలి. పార్థీలు అంటే ఎవరు? మహారాష్ట్ర, మధ్యప్రదేశ్ వైపు వేట మీద బతికిన సంచార జనం. 1871లో బ్రిటిష్ ప్రభుత్వం నేరస్థ తెగల చట్టం తెచ్చింది. నేరం చేసినందుకు కాదు, ఫలానా తెగలో పుట్టినందుకే మనిషిని నేరస్థుల జాబితాలో చేర్చే చట్టం అది. నమోదైనవాళ్లు పోలీసుల దగ్గర హాజరు వేయించుకోవాలి, అనుమతి లేకుండా ఊరు దాటకూడదు. పార్థీలు ఆ జాబితాలోకి ఎక్కారు. మద్రాసు ప్రెసిడెన్సీలో ఎరుకల వారు ఎక్కారు. గుంటూరు ప్రాంతంలో 1913లో వెలసిన స్టువర్టుపురం సెటిల్‌మెంట్ ఆ విధానంలో పుట్టిందే. ఉత్తర తెలంగాణ అప్పుడు నిజాం పాలనలో ఉంది. అయినా బుట్టలల్లుకుని, సోది చెప్పుకుని, పందులు మేపుకుని బతికే ఎరుకల వారి మీద ఆ నేరస్థ ముద్ర ఇక్కడా పడింది.

1871 చట్టంలో రెండో భాగం ఒకటుంది. అది హిజ్రాల గురించి. పిల్లల్ని ఎత్తుకెళ్తారన్న అనుమానం ఉన్నవారి పేర్లతో రిజిస్టర్ పెట్టాలని ఆ భాగం చెప్పింది. అదే పోకడలో 1919లో (1329 ఫస్లీ) నిజాం రాజ్యంలో ఒక చట్టం వచ్చింది. మగపిల్లల్ని ఎత్తుకెళ్తారన్న అనుమానంతో హిజ్రాల రిజిస్టర్, ఆడవేషంలో వీధిలో కనబడినా, ఆడినా పాడినా వారంటు లేకుండా అరెస్టు. హైదరాబాద్ రాష్ట్రం పోయింది, ఆంధ్రప్రదేశ్ వచ్చింది, తెలంగాణ వచ్చింది. చట్టం పుస్తకంలో అలాగే ఉంది. తెలంగాణ హైకోర్టు 2023 జులైలో దాన్ని కొట్టేసింది.

నేరస్థ తెగల చట్టం రద్దయింది 1952లో. ఒకే చట్టంలోని రెండు భాగాలు ఎవరెవర్ని అనుమానించమన్నాయో చూడండి. సంచార తెగలు, హిజ్రాలు. 2018 మేలో వదంతి ఎవరి పేరు మోసుకొచ్చింది? పార్థీల పేరు. చాంద్రాయణగుట్టలో మూక ఎవర్ని చంపింది? ఒక ట్రాన్స్‌జెండర్ మహిళను. ఆ రాత్రి కర్రలు పట్టిన యువకుల్లో ఎవరూ 1871 చట్టం చదివి ఉండరు. చదవనక్కర్లేదు. ఎనభై ఏళ్ల పాటు స్టేషన్ రిజిస్టర్లలో రాసిన అనుమానం బువ్వ తినని పిల్లల్ని ‘సంచిలో ఏసుకపోతరు’ అని భయపెట్టే అమ్మల మాటల్లోకి, అక్కడి నుంచి వాట్సాప్ ఆడియోలోకి చేరింది. చట్టం రద్దు చేయడానికి ఒక్క రోజు చాలు. అది జనం నోటికి అందించిన మాటను రద్దు చేసే విధానం ఏదీ మనం ఏర్పాటు చేసుకోలేదు.

కలిసి ఉంటే చాలా?

పరిచయం పెరిగితే దురభిప్రాయం తగ్గుతుందన్నది చాలా పాత నమ్మకం. ఆల్‌పోర్ట్ దీనికి షరతులు పెట్టాడు. కలిసే ఇద్దరికీ ఆ సందర్భంలో సమాన హోదా ఉండాలి, ఇద్దరికీ కావలసిన లక్ష్యం ఒకటి ఉండాలి, ఒకరి సాయం లేకుండా ఇంకొకరి పని జరగకూడదు, పైనున్న అధికారం ఆ కలయికను సమర్థించాలి. మన పల్లెల్లో దొరా జీతగాడూ తరాలపాటు రోజూ కలిశారు. ఒకరి ఇంటి సంగతులు ఒకరికి పూసగుచ్చినట్టు తెలుసు. ఆ పరిచయంలో సమానత్వం లేదు కాబట్టి అది దూరాన్ని తగ్గించలేదు, రోజూ గుర్తు చేసింది.

పండుగలూ అంతే. పీర్ల పండుగకు తెలంగాణ పల్లెల్లో హిందువులు పీర్లను ఎత్తుకుంటారు, కాజీపేట దర్గాకు అన్ని మతాలవాళ్లూ వెళ్తారు, మేడారం జాతరలో కోయ పూజారుల ముందు కోట్ల మంది తలవంచుతారు. ఇవి విలువైనవి. మతాల మధ్య ఒక అలవాటైన స్నేహాన్ని నిలబెట్టాయి. కానీ జాతర నాలుగు రోజులు. ఐదో రోజు గూడెం పిల్ల హాస్టల్ సీటు కోసం వచ్చినప్పుడు ఆ గౌరవం వెంట వస్తుందన్న హామీ లేదు.

షరతుల్లో ఏది ముఖ్యమో తేల్చడానికి మాట్ లోవ్ అనే ఆర్థికవేత్త ఉత్తరప్రదేశ్‌లో క్రికెట్ లీగ్ పెట్టి చూశాడు. 1,261 మంది యువకులు. కొన్ని జట్లలో వేర్వేరు కులాలవాళ్లను కలిపారు, కొన్నింటిలో ఒకే కులం. ఒకే జట్టులో ఆడినవాళ్ల మధ్య కులం దాటిన స్నేహాలు పెరిగాయి. వేరే కులంవాళ్లను ఎదుటి జట్టుగా ఎదుర్కొన్నప్పుడు మాత్రం ఫలితం మొత్తంగా తిరగబడింది. కలవడం అదే, మైదానం అదే. ఢిల్లీ ప్రైవేటు బడుల్లో పేదపిల్లలకు సీట్లు తప్పనిసరి చేశాక, వాళ్ల పక్కన కూర్చున్న ధనిక పిల్లలు పేదవాళ్ల పట్ల వివక్ష తక్కువ చూపుతున్నారని గౌతమ్ రావు 2019లో ప్రచురించిన అధ్యయనం చూపింది.

ఈ కోణంలో తెలంగాణ విధానాలను చూస్తే మిశ్రమ చిత్రం కనబడుతుంది. గురుకులాలు వేలాది పేదపిల్లలకు మంచి చదువు ఇచ్చాయి. అది చిన్న విషయం కాదు. కానీ వర్గాల వారీగా నడిచే గురుకులంలో ఎక్కువమంది ఒకే నేపథ్యం పిల్లలు. ఊరి పిల్లల్లో ఉన్నవాళ్లు ప్రైవేటు బడికి పోతారు. ఇద్దరూ ఒకే బెంచీ మీద కూర్చునేది డిగ్రీలోనో ఇంజినీరింగ్‌లోనో. అప్పటికి అభిప్రాయాలు గట్టిపడి ఉంటాయి.

పంచాయతీల సంగతి ఇంకోలా ఉంది. 2018 పంచాయతీరాజ్ చట్టం తర్వాత 500 జనాభా దాటిన తండాలు, గూడేలు విడి పంచాయతీలయ్యాయి. తండా మనిషి ఊరి సర్పంచ్ దగ్గర చేతులు కట్టుకుని నిలబడే రోజు పోయి, తానే సర్పంచ్ హోదాలో మండల సమావేశంలో కుర్చీలో కూర్చునే రోజు వచ్చింది. కుర్చీ ప్రభావాన్ని పశ్చిమ బెంగాల్‌లో కొలిచారు. మహిళా రిజర్వేషన్ పంచాయతీల మీద 2009లో వచ్చిన అధ్యయనంలో ఒకే ప్రసంగాన్ని మగగొంతులో, ఆడగొంతులో వినిపించారు. అంతకుముందు మహిళా సర్పంచ్‌ను చూడని ఊళ్లలో మగవాళ్లు ఆడగొంతుకు తక్కువ మార్కులు వేశారు. చూసిన ఊళ్లలో ఆ తేడా దాదాపు పోయింది. భార్య పేరున గెలిచి భర్త కుర్చీలో కూర్చునే అలవాటు ఎంత నష్టం చేస్తుందో దీన్నిబట్టి అర్థం చేసుకోవచ్చు. ఊరు చూడాల్సిన మనిషిని ఊరికి కనబడకుండా చేయడమే అది.

టులెట్ బోర్డు దగ్గర

మనసులు మారేదాకా ఆగకుండా, దురభిప్రాయం పనిచేసే సందును మూసేయడం మరో దారి. పోటీ పరీక్షలో పేరు బదులు హాల్‌టికెట్ నంబరు ఉంటుంది. దిద్దేవాళ్లకు ఇంటిపేరు తెలియదు. తెలంగాణలో గ్రూప్-1, గ్రూప్-2 ఉద్యోగాలకు 2022లో ఇంటర్వ్యూలు తీసేశాక ముఖం చూసి మార్కులు వేసే మెట్టు ఒకటి పోయింది.

అద్దె ఇంటికి మాత్రం హాల్‌టికెట్ నంబరు లేదు. హనుమకొండలో నయీంనగర్, కిషన్‌పుర చుట్టూ కాలేజీలు, కోచింగ్ సెంటర్లు ఎక్కువ. జూన్, జులైల్లో ఊళ్ల నుంచి వచ్చిన పిల్లలు గదుల కోసం తిరుగుతుంటారు. ఓనర్ అడిగే ప్రశ్నలు తెలిసినవే. ‘ఇంటిపేరేంది? ఏ ఊరు? నాన్‌వెజ్ వండుతరా?’ 2014 నాటి కేంద్ర ప్రభుత్వ నమూనా సర్వే ప్రకారం తెలంగాణలో 15 ఏళ్లు దాటినవారిలో 98 శాతానికి పైగా మాంసాహారులే. నిజంగా శాకాహారులైన ఓనర్ల మాట వేరు. మిగిలిన చోట్ల ఆ ప్రశ్న తిండి గురించి అడిగినట్టే ఉంటుంది, తెలుసుకునేది వేరే సంగతి. బానోతు, గుగులోతు, భూక్యా అన్న ఇంటిపేరో, ముస్లిం పేరో వినగానే ‘నిన్ననే అడ్వాన్స్ తీసుకున్నం’ అన్న జవాబు రావచ్చు.

అంటరానితనం కారణంగా ఎవరినైనా ఒక ప్రాంతంలో నివాసం ఉండకుండా అడ్డుకోవడం 1955 చట్టం ప్రకారం నేరం. మతం పేరు మీద గది నిరాకరిస్తే ఆ చట్టం వర్తించదు. వర్తించే చోట కూడా రుజువు చేయడం కష్టం. ఓనర్ నోటి వెంట కులం మాట రాదు. గది నిండిందన్న మాట ఒక్కోసారి నిజం కూడా.

ఉద్యోగాల విషయంలో ఈ చిక్కును దాటడానికి సుఖదేవ్ థోరట్, పాల్ ఆటెవెల్ అనే పరిశోధకులు ఒక మార్గం పట్టారు. అవే అర్హతలతో, పేర్లు మాత్రం మార్చి, ప్రైవేటు కంపెనీలకు వేల దరఖాస్తులు పంపారు. 2007లో ఫలితాలు ప్రచురించారు. పై కులం పేరుతో పోలిస్తే పిలుపు వచ్చే అవకాశం దళిత పేరుకు సుమారు మూడింట రెండు వంతులు, ముస్లిం పేరుకు సుమారు మూడింట ఒక వంతు. తిరస్కరించిన కంపెనీల్లో ఏ ఒక్కదాన్ని విడిగా పట్టుకున్నా, ఆ ఒక్క నిర్ణయానికి సరైన కారణమే చూపించగలదు. నయీంనగర్‌లో గది దొరక్క సాయంత్రం బస్సుకు తండాకు తిరిగి పోయే పిల్లవాడి చేతిలో ఉన్నవి ఆరేడు ఫోన్ కాల్స్ మాత్రమే. వేల దరఖాస్తులు పక్కపక్కన పేర్చి చూసే వీలు అతనికి లేదు. ‘గది నిండింది’ అన్న మాటలో ఏది నిజమో, ఏది తన ఇంటిపేరుకు వచ్చిన జవాబో అతను తేల్చుకోలేడు.